రెండు ఒడ్ల మధ్య ఇల్లు

ఇప్పటి పిల్లలు పెళ్ళిని వెడ్డింగ్ అంటున్నారు. మా చిన్నతనంలో ఆ మాట చర్చిలో, పాదిరిగారి నోట తప్ప వినబడేది కాదు. మేం బ్రైడ్‌వేన్ అనేవాళ్ళం. వేన్ అంటే బండి. పెళ్ళికూతురి మంచం, పెట్టె, రాట్నం, వంటసామాను ఎక్కించుకుని అత్తవారింటికి పోయే బండి. గుర్రాల జూలుకి నీలం రిబ్బన్లు కట్టి, రాట్నాన్ని అన్నిటికంటే పైన నిలబెట్టి తోలుకుపోయేవారు. దారిలో పిలుపు అందిన ప్రతి ఇంటి ముందూ ఆ బండి ఆగేది. ఇంటివాళ్ళు బయటికి వచ్చి, శక్తికొద్దీ ఒక జున్నుముద్దో, ముక్కాలి పీటో దాని మీద పెట్టి, వెనక నడిచేవారు. బండి అత్తవారింటికి చేరేసరికి సగం లోయ దాని వెనక ఉండేది.

అలా బండి పేరే పెళ్ళికి పేరైంది. "మీ ఇంట బ్రైడ్‌వేన్ ఎప్పుడమ్మా?" అని అడిగేవారు. "మీ అమ్మ బ్రైడ్‌వేన్ అయిన ఏడే నేను పుట్టాను" అని వయసులు చెప్పుకునేవారు. పాదిరిగారి ముందు ప్రమాణం చేసి, నలుగురు చుట్టాలకి భోజనం పెట్టి ఊరుకుంటే దాన్ని బ్రైడ్‌వేన్ అనేవారు కాదు. "వాళ్ళది వట్టి వెడ్డింగేనట" అని గొంతు తగ్గించి చెప్పుకునేవారు, పిల్ల ఏదో తప్పు చేసినట్టు.

కంబర్లాండ్ కొండల్లో మా లోయది ఇంకో పద్ధతి. లోయ మధ్య వాగు. వాగుకి ఒకవైపు ఎండ ఒడ్డు, రెండోవైపు నీడ ఒడ్డు. ఏ ఒడ్డుకి ఆ ఒడ్డు పిలుపు వేరు. బిడ్డ పుట్టినా, బ్రైడ్‌వేన్ అయినా, మనిషి పోయినా ఆ ఒడ్డున ఉన్న ఇళ్ళన్నిటికీ ఒక మనిషి వెళ్ళి గుమ్మం ముందు టోపీ తీసి పిలవాలి. పిలిస్తే వెళ్ళి తీరాలి. పిలవకపోతే చావుకైనా సరే వెళ్ళకూడదు. శవాన్ని మోసేది కూడా ఆ పిలుపులో ఉన్నవాళ్ళే.

మా ఇల్లు ఎండ ఒడ్డుదే. మా ఆయన జాసీ వాళ్ళ తాత కట్టిన ఇల్లు. నాకు పెళ్ళయిన కొన్నేళ్ళకి పెద్ద వరద వచ్చింది. కొండ మీదినుంచి బండరాళ్ళు దొర్లి పాత వాగు పూడిపోయింది. తెల్లారి తలుపు తీస్తే, ఇంటి ముందు పారవలసిన వాగు ఇంటి వెనక పారుతోంది. ఇల్లు మాత్రం ఉన్నచోటే ఉంది. తరవాత మా గోడ పక్కనే కొత్త వంతెన కట్టారు. అప్పుడు మేం ఏ ఒడ్డు అన్న ప్రశ్న ఎవరికీ రాలేదు. జాసీ ఫిడేలు వాయించేవాడు. ఎండ ఒడ్డువాళ్ళు పిలిచేవారు, నీడ ఒడ్డువాళ్ళూ పిలిచేవారు. "మనకి రెండు లోయలున్నాయే డైనా" అని నవ్వేవాడు. అతను పోయినప్పుడు కూడా రెండు ఒడ్లవాళ్ళూ వచ్చి మోశారు. వాళ్ళందరూ నా మనుషులే అనుకున్నాను.

ఆ తరవాతి చలికాలం ఎండ ఒడ్డున ఒక ఇంట బారసాల అయింది. నాకు పిలుపు రాలేదు. మరిచిపోయి ఉంటారు, కొత్త తల్లి, ఇల్లంతా హడావిడి అనుకున్నాను. వసంతంలో నీడ ఒడ్డున ఒక ముసలాయన పోయాడు. శవపేటిక మా కిటికీ ముందునుంచే చర్చికి వెళ్ళింది. నేను తెర వెనక నిలబడి చూశాను. వెనక నడుస్తున్న ఆడవాళ్ళలో ఒకరిద్దరు ఇటు చూసి తల తిప్పుకున్నారు. ఆ సాయంత్రం పొయ్యి దగ్గర కూర్చుంటే ఒకటే ఆలోచన. నేను పోతే ఎవరు ఎవరిని పిలుస్తారు? నన్ను ఎవరు మోస్తారు? మూడు గొర్రెలు తప్ప నాకింకెవరూ లేరు. గొర్రెలు మొయ్యవు.

అలాంటప్పుడు టేమర్ మౌన్సీ పెళ్ళి కుదిరిందని తెలిసింది. పిల్లది ఎండ ఒడ్డు. పెళ్ళికొడుకు గావెన్ నీడ ఒడ్డువాడు. లోయలో బ్రైడ్‌వేన్ జరిగి చాలా ఏళ్ళయింది. అందరూ వెడ్డింగుల్లోకి దిగిపోయారు. కానీ టేమర్ తండ్రి ఐజక్ పాతకాలం మనిషి. "నా కూతురికి బండి కట్టాల్సిందే" అన్నాడట. రెండు ఒడ్లవాళ్ళకీ పిలుపులు ఉంటాయి. ఎటునుంచి చూసినా ఒక పిలుపు నాకు రావాలి. ఆ నమ్మకంతో ఆ ఏడు కత్తిరించిన ఉన్నితో ఒక కంబళి నేయడం మొదలుపెట్టాను. పిలవడానికి వచ్చినవాడి టోపీకి కట్టాలని నీలం రిబ్బను కొని బల్ల మీద పెట్టుకున్నాను.

ఎండ ఒడ్డు పిలుపుమనిషి గుర్రం మీద వచ్చాడు. గిట్టల చప్పుడు వినగానే నీళ్ళు పొయ్యి మీద పెట్టాను. గుర్రం వంతెన దాకా వచ్చింది. ఆగింది. వెనక్కి తిరిగింది. రెండు రోజుల తరవాత నీడ ఒడ్డు మనిషి నడిచి వచ్చాడు. పక్కనున్న మేలీ ఫ్లెమింగ్ ఇంటి ముందు టోపీ తీసి పిలిచాడు. బీరు తాగాడు. మళ్ళీ కొండ దారి పట్టాడు.

మేలీ నోరు మంచిది కాదని లోయంతా చెప్పుకుంటుంది. మనిషి చెడ్డది కాదు. మర్నాడు బట్టలు ఉతకడానికి వాగుకి వచ్చి, అక్కడినుంచే అరిచింది.

"ఏమే డైనా, ఎండ ఒడ్డు కుర్రాడు గుర్రమెక్కి తెగ తిరిగాడుగా! వాడి టోపీకి ఏ రంగు రిబ్బను కట్టావ్?"

"నీలం కొన్నాను" అన్నాను.

"మా ఒడ్డువాడికి నేను ఎరుపు కట్టా. ఎర్ర రిబ్బను కట్టుకున్నాక కోతిలా ఉన్నాడు. ఆ రోజు నల్ల గౌను వేసుకురాకే తల్లీ, నీ సంతాపం చూసి పాలు విరిగిపోతాయ్."

నేను నవ్వాను. ఇంకేం చెప్పను? పిలవలేదని చెబితే, పిలవని పేరంటానికి ఆశపడ్డానని అనుకుంటుంది.

కంబళి మాత్రం పూర్తి చేశాను. చేతులు అలవాటుపడ్డాక ఆగవు.

పెళ్ళినాడు పొద్దున్నుంచి ఎండ కాసింది. చర్చి గంట వినబడింది. మధ్యాహ్నానికి ఫిడేలు, అరుపులు, గుర్రాల గంటలు ఎండ ఒడ్డు దారిన దగ్గరవుతూ వచ్చాయి. నేను తలుపు వేసుకుని లోపల కూర్చున్నాను. కానీ బండి మా ఇంటి ముందు ఆగక తప్పదు. వాగు దాటాక ఎండ ఒడ్డు గుర్రాలని విప్పేసి, నీడ ఒడ్డు గుర్రాలని కట్టాలి. అది పద్ధతి. వంతెన దాటితే మా గుమ్మమే.

బండి ఆగింది. గుర్రాలని విప్పుతున్న చప్పుడు. వందమంది గొంతులు. నా తలుపుకి జానెడు దూరంలో ఎవరో ఆవలించారు కూడా. అంతమంది అంత దగ్గరలో ఉండగా, ఊపిరి బిగబట్టి దొంగలా కూర్చున్నాను. నా ఇంట్లో నేను. ఏం దొంగతనం చేశానని? లేచి కంబళి తీసుకుని తలుపు తెరిచాను.

గడప దాటలేదు. అంతవరకు నాకు బుద్ధి ఉంది.

ముందు ఆడవాళ్ళు నా వైపు తిరిగారు, తరవాత మగవాళ్ళు. ఐజక్ టోపీ ఎత్తి నుదురు తుడుచుకున్నాడు. "ఏమమ్మా డైనా, ఇంకా లోపలే ఉన్నావేం? నీడ ఒడ్డువాళ్ళందరూ బయట నిలబడ్డారుగా."

"నన్నెవరు పిలిచారు, బావా?"

ఐజక్ మేలీ మొగుడు నేతన్ వైపు తిరిగాడు. నీడ ఒడ్డుకి నేతనే పెద్ద. "ఏమయ్యా నేతన్, ఇదేం మర్యాద? వంతెన దిగితే మొదటి ఇల్లు. దాన్నే మరిచిపోయారా?"

"మేం ఎందుకు పిలుస్తాం? అది మీ ఇల్లు. జాసీ తాతల నాటినుంచీ ఎండ ఒడ్డు ఇల్లు."

"హద్దు వాగయ్యా! వాగు ఎక్కడుంది? కళ్ళద్దాలు పెట్టుకుని చూడు."

"వాగు తాగి దారి తప్పితే ఇల్లు కూడా దాని వెనక తూలుకుంటూ వస్తుందా?"

జనం ఘొల్లున నవ్వారు. నవ్వు ఐజక్‌కి గుచ్చుకుంది. "అలాగైతే జాసీని మీరెందుకు పిలిచేవారు? మీ ఒడ్డు కాదుగా?"

"ఫిడేలుకి పిలిచాం. మీరూ అందుకేగా పిలిచింది?"

నేతన్ దాన్ని తిట్టుగా అనలేదు. వానాకాలం వాన పడుతుంది అన్నట్టు అన్నాడు. నేను కంబళిని ఇంకో చేతికి మార్చుకున్నాను. బరువైన కంబళి అది.

"నాన్నా, మీ ఇద్దరూ ఒడ్డు తేల్చుకునేసరికి నాకు మనవలు పుట్టేలా ఉన్నారు." బండి మీద, పెట్టె పైన కూర్చున్న టేమర్ అంది. "ఈ బండికి గుర్రాలున్నాయా ఇప్పుడు? లేవు. మీరు నన్ను వదిలేశారు. వాళ్ళింకా అందుకోలేదు. ఈ నిమిషాన నాకూ ఏ ఒడ్డూ లేదు. డైనా పిన్నీ, ఇది నా బ్రైడ్‌వేన్. నేను పిలుస్తున్నా. రా."

"పెళ్ళికూతురే పిలవడం ఎక్కడా వినలేదమ్మా" అంది మేలీ.

"ఇప్పుడు విన్నావుగా అత్తా!"

గడప దాటాను. కంబళి పైకి అందించాను. ఆ పిల్ల దాన్ని మడత విప్పకుండా ఒళ్ళో పెట్టుకుంది. బండి కదిలింది. అందరితోపాటు నేనూ నడిచాను. నా పక్కన నడిచేవాళ్ళు నాతో అవసరం కంటే ఎక్కువ మాట్లాడారు. మోకాళ్ళ నొప్పులెలా ఉన్నాయని ముగ్గురు అడిగారు. నాకు మోకాళ్ళ నొప్పులు లేవు.

గావెన్ వాళ్ళ ధాన్యపు కొట్టంలో భోజనాలు. రెండు పొడవాటి బల్లలు వేశారు, ఒకటి ఎండ ఒడ్డుకి, ఒకటి నీడ ఒడ్డుకి. లోపలికి వెళ్ళినవాళ్ళు వెళ్ళినట్టే ఎవరి బల్ల దగ్గర వాళ్ళు సర్దుకున్నారు. పెళ్ళికూతురు మొగుడి పక్కన ఎక్కడో ముందు ఉంది. అక్కడ బంధువులకి తప్ప చోటు లేదు. నేను కొట్టం తలుపు దగ్గర, పళ్ళెంలో మాంసం రొట్టె పెట్టుకుని నిలబడి తిన్నాను. అడిగినవాళ్ళకి మోకాళ్ళు వంగట్లేదని చెప్పాను. ముందే వాళ్ళే ఇచ్చిన సాకు కదా, వెంటనే నమ్మారు. నేతన్ ఒకసారి తలెత్తి నా వైపు చూసి, పక్కకి కొంచెం జరగబోయి, అటు చివర కూర్చున్న ఐజక్‌ని చూసి మళ్ళీ సర్దుకున్నాడు. జరిగితే ఒప్పుకున్నట్టవుతుంది.

ఫిడేలుకి పట్నంనుంచి ఎవరినో తెచ్చారు. బాగానే వాయించాడు. జాసీ కంటే బాగా వాయించాడేమో కూడా. వెలుతురు ఉండగానే ఇంటికి వచ్చేశాను.

ఆ తరవాత ఆ మాట ఎవరూ ఎత్తలేదు. వేసవి గడిచింది. గడ్డి కోశారు, కొండ మీది గొర్రెలని దించారు. మేలీ వాగు దగ్గర కనబడితే వాతావరణం గురించి మాట్లాడేది. మేలీ వాతావరణం గురించి మాట్లాడిందంటే మనసులో ఏదో ఉన్నట్టే.

ఆకులు రాలే రోజుల్లో ఒక ఉదయం తలుపు కొట్టిన చప్పుడైంది. నీడ ఒడ్డు పిలుపుమనిషి. టోపీ చేతిలో ఉంది. తడిసిన జుట్టు నుదుటికి అంటుకుని ఉంది.

"నేతన్ ఫ్లెమింగ్ పోయారు. రేపు చర్చికి. ఆ ఇల్లు నిన్ను పిలుస్తోంది."

"ఇంకో ఇంటికి రాబోయి ఇటు వచ్చావేమో, చూసుకో" అన్నాను.

"లేదు పిన్నీ. మేలీ అత్త రెండుసార్లు చెప్పింది. 'ముందు ఆ ఇంటికి పో. ఆ ఐజక్‌గాడు మళ్ళీ ఎండా నీడా అంటూ నోరు తెరవకముందే పో' అంది."

వాడికి బీరు పోసి ఇచ్చాను. వాడు వెళ్ళాక పెట్టె తెరిచి నల్ల గౌను తీశాను. అద్దం ముందు నిలబడి జుట్టు దువ్వుకుంటుంటే నా ముఖం చూసి నాకే భయమేసింది. నవ్వుతోంది. పక్కింట్లో మనిషి చచ్చిపడి ఉన్నాడు, నేను పెళ్ళికి వెళ్ళేదానిలా ఉన్నాను. చన్నీళ్ళతో రెండుసార్లు ముఖం కడుక్కున్నాను. అయినా పూర్తిగా పోలేదు. తలకి శాలువా కప్పుకుని, ముఖం మీదికి లాక్కుని వెళ్ళాను.

మేలీ గుమ్మంలో ఉంది. ఒక్కరోజులో చిన్నదైపోయింది. "వచ్చావా" అంది. "లోపల ఆ ముసలాళ్ళు ఆయన గడ్డం ఏ పక్కకి దువ్వాలో తెలియక కొట్టుకుంటున్నారు. నువ్వు చూడవే. జాసీకి నువ్వే చేశావుగా."

నేను చేశాను. గడ్డం ఎడమవైపుకి దువ్వాను, బతికుండగా ఆయన దువ్వుకునే పక్కకే. ఆయన ముఖం చూస్తే ఆ రోజు వంతెన దగ్గర అన్న మాట గుర్తొచ్చింది. కోపం రాలేదు. నిజం చెప్పిన మనిషి ఆ రోజు ఆయనొక్కడే.

మర్నాడు వాన. చర్చి దాకా నీడ ఒడ్డు మగవాళ్ళు మార్చుకుంటూ మోశారు. ఆడవాళ్ళ వరసలో నేను మేలీ వెనక నడిచాను. దారిపొడుగునా మోసేవాళ్ళ భుజాలే చూశాను. తడిసి నల్లబడ్డ కోట్లు, పట్టుకున్న వేళ్ళు, మెట్ట ఎక్కేటప్పుడు వంగే మెడలు. ఒక్కొక్కరినీ చూసుకున్నాను. వీళ్ళే. ఇంకెవరో కాదు, వీళ్ళే.

పూడ్చి వచ్చాక, పిలుపు మీద వచ్చిన ప్రతివాళ్ళకీ గుమ్మం దగ్గర ఒక రొట్టె ఇచ్చారు. చావు రొట్టె. దాన్ని అక్కడ తినకూడదు. ఇంటికి తీసుకెళ్ళి, ఇంట్లో అందరూ పంచుకు తినాలి. మేలీ నా చేతిలో పెట్టి, నా వేళ్ళని దాని మీద మూసింది.

"తడవనివ్వకు. చంకలో పెట్టుకో" అంది.

చంకలో పెట్టుకునే తెచ్చాను. ఇంట్లో పొయ్యి ఆరిపోయి ఉంది. రాజేసి, బల్ల తుడిచి, రొట్టె మధ్యలో పెట్టి, కత్తి తీసుకుని కూర్చున్నాను. నలుగురున్న ఇంటికి సరిపడా చేసిన రొట్టె అది. ఒక ముక్క కోసుకుని తిన్నాను. ఇంకొకటి కోసి కాసేపు అలాగే చూసి, దాన్నీ తిన్నాను. పారేయకూడదు కదా, మిగిలింది గుడ్డలో చుట్టి పెట్టాను. వారం తిరిగేసరికి గట్టిపడిపోయింది. చివరి ముక్కలు పాలలో నానబెట్టుకుని తిన్నాను.