తువ్వాలు కింద చెయ్యి

పుంగనూరు సంతలో పశువుల బేరం నోటితో జరగదు, వేళ్ళతో జరుగుతుంది. ఇద్దరి చేతుల మీద తువ్వాలు కప్పుకుని, ఎన్ని వేళ్ళు పట్టుకుంటే అంత ధర. పక్కనున్నవాడికి అంతుబట్టదు. మదనపల్లె వ్యాపారి మురళి ఆ పనిని తండ్రి గంగప్పకే వదిలేస్తాడు. యుద్ధం చేసి పెన్షన్‌తో వచ్చిన సిపాయి ఆయన. చెయ్యి వణకదని సంతంతా పేరు.

అలాంటి మనిషి ఆ రోజు, కుప్పం దగ్గర శాంతిపురం నుంచి కోడెల జత తెచ్చిన గోవిందస్వామి చెయ్యి పట్టుకుని, నిప్పు తగిలినట్టు తన చెయ్యి వెనక్కి లాక్కున్నాడు.

"ఈ జత మనకొద్దు" అని పోయి వ్యాను పక్కన కూలబడ్డాడు.

కన్నతండ్రినైనా తూకం వేయకుండా నమ్మే అలవాటు మురళికి లేదు. ఇంత మంచి జతను కాదన్నాడంటే ఇంకొకడి కోసం వదిలినట్టే. ఎవడి దగ్గర కమీషన్ తిన్నాడో!

తనే తువ్వాలు కింద చెయ్యి పెట్టాడు. గోవిందస్వామికి రెండు వేళ్ళు లేవు, మొదళ్ళే ఉన్నాయి.

"గ్రానైట్ మిషన్ మింగేసినాది సామీ" అని నవ్వాడు అతను. "మీ నాయన దెయ్యాన్ని సూసినట్టు పారిపాయె. మిలిట్రీ ఆయనంట గదా!"

అక్కడే లెక్క కుదరలేదు. మురళి వ్యాను దగ్గరికి వెళ్ళాడు.

"నిజం చెప్పు నాయనా. ఎవురి దగ్గర కమీషన్ తీసుకున్నావు?"

"యాల అట్ల అడుగుతాండావు?"

"మరి ఆయప్ప చెయ్యి పట్టుకుని యాల జడుసుకున్నావు? ముందే తెలుసునా ఆయప్ప?"

"తెలీదు." గంగప్ప అరచేతులు తొడల కింద దాచుకున్నాడు. "నేను కోసిండేది వేరేవాళ్ళవి."

మురళికి వెంటనే అర్థం కాలేదు.

"యుద్ధంలో పట్టుబడినోళ్ళని నాకు అప్పగిస్తాండిరి. నోరు తెరిపించాల. తుపాకి పట్టినోళ్ళు కొందురు. కొందురు ఉత్త రైతులు, మనట్లాంటోళ్ళు."

"పైవాళ్ళు చెప్తే చేసినావులే."

"కొన్ని చెప్పినారు. కొన్ని చెప్పకుండానే చేసినా."

"ఎంతమందివి?"

"లెక్క పెట్టలేదప్పా."

ఈ చేతులే తనకు ముద్దలు కలిపి పెట్టాయి. తనను చదివించింది ఆ పెన్షనే. దేంట్లోంచి దేన్ని తీసేయాలి? కమీషన్ తినుంటే ఎంత బాగుండు, అనుకున్నాడు మురళి. నాలుగు తిట్లు తిట్టి మరిచిపోయేవాడు.

గంగప్ప లేవబోయి తూలాడు, చెయ్యి చాచాడు. మురళి ఆ చెయ్యి పట్టుకోలేకపోయాడు. వంగి, చంకల కింద చేతులేసి, ఆ ముసలి ఒంటిని తనకు ఆనించుకుని, పైకెత్తి వ్యానులో కూర్చోబెట్టాడు.