బావగారికి మర్యాద

మా అమ్మాయి కీర్తన పెళ్ళిలో, మా ఆయనకి అన్న వరసయ్యే రామకోటేశ్వరరావు భోంచేయకుండా వెళ్ళిపోయాడు. చెయ్యి పట్టుకుని ఆకు దగ్గరికి ఎవరూ తీసుకెళ్ళలేదట! ఆ తర్వాత కంకిపాడులో ఎవరింట పెళ్ళి జరిగినా, మాకు మర్యాద తెలియదని పదిమందిలో చెప్పేవాడు. విన్నప్పుడల్లా నా కడుపు మండిపోయేది.

నిన్న గుణదలలో మా అబ్బాయి జయకృష్ణ పెళ్ళి. బఫే వద్దని పట్టుబట్టి, అరిటాకులు వేయించి బంతి భోజనాలు పెట్టించాను. మా తమ్ముడు ఆ రామకోటేశ్వరరావు బావగారిని చెయ్యి పట్టుకుని మరీ తీసుకొచ్చి కూర్చోబెట్టాడు. ఆయన పక్కనే మా వెంకటరత్నమ్మ అత్తయ్యని నేనే కూర్చోబెట్టాను. ఆవిడకి తొంభై దాటాయి, నోట్లో ఒక్క పన్ను లేదు. బంతిలో పెద్దవాళ్ళు తినడం అయ్యేదాకా ఎవరూ లేవకూడదని అందరికీ నీతులు చెప్పేది ఈ బావగారే.

వీడియో లైటు ఆయన మొహం మీదే పెట్టించాను. ఆకులో కాస్త చోటు కనిపిస్తే చాలు, మా తమ్ముడు బూరె వేసి, చిల్లు పెట్టి నెయ్యి పోస్తున్నాడు.

"చాలమ్మా, ఇంక నావల్ల కాదు," అన్నాడు బావగారు ఆయాసపడుతూ.

"అదేంటండీ బావగారూ! మళ్ళీ మర్యాద జరగలేదంటారు. ఒరేయ్ తమ్ముడూ, ఇంకో రెండు వెయ్యరా!"

ఆయన చెమట తుడుచుకుంటూ, ఆశగా పక్క ఆకులోకి చూశాడు.

అత్తయ్య ఇంకా పప్పన్నం దగ్గరే ఉంది.