ఎడమ గడిలో రాసిన మాట

ఆ రోజు ఇంట్లో ఉన్నది ఐదుగురం. లోపలి గదిలో మంచం మీద అమ్మమ్మ. పెరట్లో బట్టలు ఉతుకుతూ అత్త, అంటే మా చిన్న మామయ్య భార్య. ముందు గదిలో బల్ల మీద సైన్సు మాస్టారు, పక్కన గురువుగారు. ఇక నేను. అమ్మ బట్టలు కుట్టే కార్ఖానాకి పనికి వెళ్ళింది. మామయ్యని లెక్కలో వెయ్యాలో వద్దో మా ఇంట్లో ఎవరూ పైకి అనేవాళ్ళు కాదు. ఆయన చనిపోయి ఎనిమిది నెలలయింది. ఆ సంగతి అమ్మమ్మకి చెప్పలేదు.

ఎందుకు చెప్పలేదో కూడా రాయాలి. మామయ్య వంతెనలు కట్టే పనిలో ఉండి, అక్కడే పైనుంచి పడిపోయాడు. కబురు వచ్చేసరికి అమ్మమ్మ మొదటిసారి పక్షవాతం వచ్చి ఆస్పత్రిలో ఉంది. కాస్త తేరుకోగానే, అబ్బాయి ఉత్తరం రాశాడా అని అడిగింది. రాశాడంది అత్త. అన్నాక చూపించాలి కదా. ఆ పూటే కూర్చుని మామయ్య రాసినట్టుగా తనే ఒకటి రాసి చదివి వినిపించింది. అప్పటినుంచి వారానికి ఒక ఉత్తరం. నాలుగు నెలల క్రితం రెండోసారి వచ్చి, అమ్మమ్మకి మాటా కదలికా పోయి కళ్ళు కూడా తెరవకుండా పడుకున్నాక కూడా అత్త మానలేదు. ఇంకెవరి కోసం రాస్తావని అమ్మ అడిగితే, మానబుద్ధి కావడం లేదు వదినా అంది.

మాస్టారు మా బళ్ళో సైన్సు చెబుతారు. గురువుగారు మందిరంలో ప్రార్థనలు చేయిస్తారు. ఇద్దరూ మా వీధిలోనే పుట్టి పెరిగారు. అమ్మమ్మ నర్సుగా పనిచేసేది కాబట్టి చిన్నప్పుడు పడి దెబ్బలు తగిలితే ఇద్దరి మోకాళ్ళకీ మందు రాసింది ఆవిడే. ఇద్దరికీ ఆవిడ అక్కయ్య. రోజూ మూడింటికి వచ్చి, గుమ్మంలో నిలబడి ఆవిణ్ణి చూసి, బల్ల మీద కూర్చుని వాదించుకునేవారు. వాళ్ళకి మంచినీళ్ళు ఇవ్వడం నా పని. ఇచ్చి వెళ్ళిపోకుండా తలుపు పక్కన నిలబడి వినేదాన్ని.

మనిషి అంటే మెదడు చేసే పనే అని మాస్టారి వాదన. ఆత్మ వేరే ఉంటే, తలలో ఒక నరానికి రక్తం అందనంత మాత్రాన నేను పిలిస్తే అక్కయ్య ఎందుకు పలకదు అని ఆయన అడిగారు.

"పోయినేడు జలుబు చేసి నీకు గొంతు పోయింది. ఆ వారమంతా నువ్వు బళ్ళో లేనట్టేనా?" అన్నారు గురువుగారు.

"గొంతు పోయిందిరా, తల పోలేదుగా."

"పిల్లలకి తేడా తెలియలేదట మరి."

మాస్టారికి నవ్వొచ్చింది కానీ వదల్లేదు. దీనికి ఒక దారి ఉందన్నారు. మనసుకి తగలని మాటలు కొన్ని, తగిలే మాటలు కొన్ని అక్కయ్య చెవి దగ్గర చెప్పి, ప్రతిసారీ నాడి లెక్కపెట్టాలి. లెక్క మారితే లోపల వినేవాళ్ళున్నట్టు. మారకపోతే లేనట్టు.

"నీ లెక్కకి దొరక్కపోతే లేనట్టేనా?" అన్నారు గురువుగారు. ఆయనకీ తెలుసుకోవాలనే ఉందని ముఖం చూస్తే తెలిసింది.

ఆ పని నాకు అప్పగించారు. నాడి చూడటం అమ్మమ్మే నాకు ఎనిమిదో ఏట నేర్పింది. మూడు వేళ్ళు మెత్తగా ఆనించాలి. బొటనవేలు మాత్రం పెట్టకూడదు. దానిలో మన నాడి కొట్టుకుంటుంది, ఎదుటివాళ్ళదనుకుని మనల్నే లెక్కపెట్టుకుంటాం అని చెప్పేది. మాస్టారు నా నోటుపుస్తకంలో గీతలు గీసి ఇచ్చారు. ఎడమ గడిలో చెప్పిన మాట, కుడి గడిలో లెక్క. చేసినదంతా రాయాలి, ఏదీ దాచకూడదన్నారు. గురువుగారు మాత్రం, నువ్వు లెక్కపెట్టేది అక్కయ్యనమ్మా, గుర్తుంచుకో అన్నారు. అదేం మాటో అప్పుడు నాకు అర్థం కాలేదు.

క్లాసులో నన్ను మౌనమ్మ అంటారు. హాజరు పిలిచినప్పుడు కూడా నా గొంతు చివరి వరసకి వినపడదు. అలాంటిది ఇద్దరు పెద్దవాళ్ళు మూడు రోజులు నా మాట కోసం ఎదురుచూశారు. ఏమైందమ్మా అని అడిగేవారు. నేను పుస్తకం తెరిచి చూపించేదాన్ని. బస్సుల వేళలు చదివాను, డెబ్భై నాలుగు. వీధిలో వాళ్ళ పేర్లు చదివాను, డెబ్భై రెండు. అమ్మ పేరు, డెబ్భై ఆరు. అత్త ఉత్తరం చదువుతున్నప్పుడు కూడా డెబ్భై నాలుగే. మూడో రోజు మాస్టారు కళ్ళజోడు తీసి తుడుచుకుంటూ, ఇంతేనన్నమాట అన్నారు. గెలిచినట్టు అనలేదు. గురువుగారు చెప్పులు వేసుకున్నారు. నాకు పరీక్ష తప్పినట్టనిపించింది. రేపటినుంచి వాళ్ళు నన్నేమీ అడగరు.

అందుకే నాలుగో రోజు ఆ పని చేశాను. వాళ్ళిద్దరూ ముందు గదిలో ఉన్నారు. పెరట్లో అత్త బట్టలు బాదుతున్న చప్పుడు వినిపిస్తోంది. అమ్మమ్మ మణికట్టు మీద మూడు వేళ్ళు పెట్టి, చెవి దగ్గరికి వంగాను.

"అమ్మమ్మా, చిన్న మామయ్య ఇక లేడు. ఆ ఉత్తరాలు అత్త రాస్తోంది."

మొదట ఏమీ లేదు. తరవాత నా వేళ్ళ కింద అమ్మమ్మ నాడి పరుగెత్తింది. గోడ గడియారం చూస్తూ నిమిషం లెక్కపెట్టాను. నూట పన్నెండు.

అప్పుడు నాకు బాధ కలిగిందని రాస్తే అది అబద్ధం. సంతోషం కలిగింది. పరీక్షలో మొదటి మార్కు వచ్చినంత సంతోషం. చెప్పిన మాట ఎడమ గడిలో, నూట పన్నెండు కుడి గడిలో రాసి ముందు గదిలోకి పరుగెత్తాను. అమ్మమ్మ ముఖం వైపు చూడనైనా లేదు.

మాస్టారు కుడి గడి మాత్రమే చూశారు. చూసి గురువుగారి వీపు మీద ఒక్కటి చరిచారు. వినే భాగం పాడవలేదురా, పట్నం డాక్టరుకి చెప్పాలి, ఏదైనా వైద్యం చెయ్యొచ్చు అన్నారు. గురువుగారి కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ఉంది, లోపల అక్కయ్య ఉంది అని రెండుసార్లు అన్నారు. ఇద్దరిలో ఎవరూ ఓడిపోలేదు, ఇద్దరూ గెలిచారు. చిన్నపిల్లల్లా నవ్వుకున్నారు.

ఆ నవ్వులు విని అత్త తడి చేతులతోనే వచ్చింది. సంగతి తెలియగానే ఆవిడ ముఖం ఎలా వెలిగిందో నేను మరిచిపోలేను.

"అయితే ఇన్నాళ్ళూ నేను చదివినవన్నీ విందన్నమాట," అంది.

చేతులు చీరకి తుడుచుకుని, ఆ వారం ఉత్తరమే మళ్ళీ తీసుకుని లోపలికి వెళ్ళింది. వద్దు అత్తా అనాలనుకున్నాను. నా గొంతు నాకే వినపడలేదు.

అమ్మా, నేను కులాసా అని ఎప్పటిలాగే మొదలుపెట్టింది. అంతలో లోపల్నుంచి ఒక మూలుగు వినిపించింది. నాలుగు నెలలుగా మేం వినని గొంతు. అత్త ఆగి, మళ్ళీ మొదటి ముక్క నుంచి చదివింది. మళ్ళీ అదే మూలుగు, ఇంకా గట్టిగా. ఆనందం కాదని గోడకి ఇవతల ఉన్న నాకు కూడా తెలిసింది.

గురువుగారు నెమ్మదిగా నా వైపు తిరిగారు. "ఏం చెప్పావమ్మా అక్కయ్యకి?"

అత్త గుమ్మంలోకి వచ్చి నిలబడింది. ముగ్గురూ నన్నే చూస్తున్నారు.

"నేను బొటనవేలితో లెక్కపెట్టానేమో," అన్నాను.

ఎనిమిదో ఏట అమ్మమ్మ చెప్పిన మాటని అలా వాడుకున్నాను. నిజంగా ఆ పొరపాటు చేసి ఉంటే ఎంత బాగుండేది.

మాస్టారు అప్పటికి ఎడమ గడి చదివేశారు. పుస్తకం మూసి తన ఒళ్ళో పెట్టుకున్నారు. "తప్పు నాది," అన్నారు అత్తతో. ఆవిడ చెయ్యి చాపింది. ఆయన ఇవ్వక తప్పలేదు.

అత్త చదవడానికి ఎంతోసేపు పట్టలేదు. రెండే వాక్యాలు. అరుస్తుందనుకున్నాను, కొడుతుందనుకున్నాను. పుస్తకం నాకు తిరిగి ఇచ్చేసి, లోపలికి వెళ్ళబోయింది.

నేను వెనకాలే పరుగెత్తి గడప దగ్గర ఆవిడ కొంగు పట్టుకున్నాను. ఆవిడ పక్కనుంచి మంచం కనిపించింది. అమ్మమ్మ కళ్ళు మూసుకునే ఉన్నాయి. కంటి చివరనుంచి చెవిదాకా తడి చార.

"అత్తా, జరుగు. అబద్ధం చెప్పానని అమ్మమ్మకి చెప్పేస్తాను."

అత్త నా వేళ్ళు ఒక్కొక్కటీ కొంగునుంచి విడదీసింది.

"ఏది అబద్ధమని చెబుతావు?" అంది.

అత్త లోపలికి అడుగువేసి, నా ముఖం మీదే తలుపు మూసింది.