విప్పని పొట్లాలు

అంగడి తెరవాలన్నా, సరుకు కొనాలన్నా ఆదినారాయణ శెట్టి ముందు ఆళ్లగడ్డలో గుడికి పోయేవాడు. ఆకులో చుట్టిన రెండు పొట్లాలు స్వామి ముందు పెడతారు. ఒకదాంట్లో తెల్ల పువ్వు, ఇంకోదాంట్లో ఎర్రది. తెల్లది చేతికొస్తే స్వామి ఒప్పుకున్నట్టు.

రాజధాని కర్నూలు నుంచి హైదరాబాదుకు తరలిన ఏడాది కార్తీకంలో కూతురు ఇందుమతిని వెంటబెట్టుకొని వెళ్లాడు. ఆమె భర్త పోయి ఏడాది దాటింది. నంద్యాలలో ఆయన నడిపిన కిరాణా అంగడిని తానే తెరుస్తానంటోంది. శెట్టి వద్దనలేదు, సరేననీ అనలేదు. తేలని బేరాన్ని స్వామి మీద వేయడం ఆయనకు అలవాటు.

"విధవ గల్లాపెట్టె దగ్గర కూచుంటే లక్ష్మి నిలుస్తుందా శెట్టీ?" అన్నాడు అర్చకుడు శేషాద్రి, పొట్లాలు పెడుతూనే. "నాదేముందిలే, స్వామే చెప్పనీ. తీయమ్మా."

ఇందుమతి చెయ్యి చాపలేదు.

"తీయను సామీ. తెల్లదొచ్చినా అంగడికి పోతా, ఎర్రదొచ్చినా పోతా. ముందే ఖాయం చేసుకొని అడిగితే స్వామిని మోసం చేసినట్టు గాదా?"

"ఏందీ పొగరు! స్వామి మాటకే ఎదురా?"

"స్వామి ఇంకా మాట్లాడనే లేదు సామీ. మాట్లాడింది మీరు."

"నోరు మూసుకో మే!" అని శెట్టి గద్దించాడు.

ఇందుమతి తండ్రి వైపు తిరిగింది. "గానుగ పెట్టేటప్పుడు ఎర్రదొచ్చె. మళ్లా అడిగితివి. మళ్లా ఎర్రదే. తెల్లదొచ్చేదాకా ఈడ్నుంచి లేచినావా నాయనా? నేను నీ పక్కనే ఉండా గదా."

శెట్టికి నవ్వు రాబోయి ఆగిపోయింది. గానుగే కాదు, పత్తి కొన్నప్పుడూ అంతే, ఇల్లు కట్టినప్పుడూ అంతే. ఎవరో తుమ్మారని చెప్పి మళ్లీ అడిగేవాడు. వద్దనుకున్న బేరానికి మాత్రం మొదటి ఎర్ర పువ్వే చాలేది. ఇన్నేళ్లూ తక్కెడ తన చేతిలోనే ఉంది. బిడ్డ బతుకు దగ్గరికొచ్చేసరికి, కులంలో మాట పడాల్సి వస్తుందని దాన్ని ఇంకొకరికి అప్పగిస్తున్నాడు.

ఆయన పొట్లాలు రెండూ తీసి, విప్పకుండానే స్వామి పాదాల దగ్గర పెట్టి దండం పెట్టుకున్నాడు.

"శెట్టీ, రేపు ఏం జరిగినా నాది పూచీ గాదు. మీ ఇంటి గడప కూడా తొక్కను."

"తొక్కకుంటే నష్టం నాదే సామీ, భరిస్తా. పూచీ కూడా నాదే."

బయట చెప్పులు వేసుకుంటూ కూతుర్ని అడిగాడు.

"అంగడి తాళంచెవి యాడుంది?"

ఇందుమతి కొంగు ముడి చూపించింది.

"పొద్దున బయలుదేరేటప్పుడే కట్టుకున్నా."

"అయితే నడువు బిరబిరా. నంద్యాల బస్సు పోతాది."