పురిటి మూల

మధ్యాహ్నానికి చెరువులో నాచు ముప్పావు వంతు పీకేశారు. నడుంలోతు నీళ్లలో తొమ్మిది మంది ఆడవాళ్లు. పొద్దున తిన్నది ఎప్పుడో అరిగిపోయింది. సాయంత్రానికి చేపపిల్లల్ని వదలాలని చెరువు గుత్తకు తీసుకున్న ఆసామి తొందర. నాచుంటే వలకు అడ్డమట. రోజుకూలి మూడు వందలు. కాసేపు గట్టెక్కి కూర్చుంటే అందులోనూ కోత.

మిగిలింది ఉత్తరపు మూల. దాన్ని పురిటి మూల అనేవారు. చిన్న చేపలు గుడ్లు పెట్టేది అక్కడి నాచులోనే కనుక తాతల నాటి నుంచి ఎవరూ అక్కడ వల వేయలేదు. కడుపులు మాడిన ఏడాది కూడా వేయలేదు. నిరుడు గుత్త పట్టిన ఈ ఆసామికి మాత్రం అవి చెత్త చేపలు, తన చేపల దాణా కాజేసే దొంగలు. అప్పుడే ఆ మూల పీకితే యాభై ఎక్కువిస్తానన్నాడు. అందరికంటే ముందు దిగింది పడవవాళ్ల ఇంటి పెద్దకోడలే. కూతురికి గౌను కొనాలని ఆశపడింది. కొన్నది కూడా.

నాచుతోపాటు నత్తలు పోయాయి, చిన్న చేపలు పోయాయి, వాటికోసం వాలే కొంగలూ రావడం మానేశాయి. తినే నోరు లేక గట్టు వారన దోమపిల్లలు కుప్పలుతెప్పలుగా పెరిగాయి. వానాకాలంలో ఇంటింటా జ్వరాలు. పెద్దకోడలి నాలుగేళ్ల పాప జ్వరం తగిలిన ఆరోరోజున కన్నుమూసింది. ఆ గౌనుతోనే సాగనంపారు. దోమపిల్లల్ని తినేవి ఆ చెత్త చేపలేనని ఆస్పత్రి నర్సు తర్వాత చెప్పింది. ఆ మాట విన్న తల్లి పడిన కడుపుకోత పగవాళ్లకు కూడా వద్దు.

ఇప్పుడా మూలలో జానెడు నాచు మళ్లీ లేచింది. అందులో సూదుల్లాంటి చేపపిల్లలు తిరుగుతున్నాయి. గట్టు మీద నుంచి మేస్త్రీ అటు చెయ్యి చూపించాడు.

"నేను పీకను మేస్త్రీ," అంది పెద్దకోడలు.

మేస్త్రీ చెడ్డవాడేం కాదు, ఆసామి మాట మోసే మనిషి. రేపటి నుంచి పనిలోకి రావద్దని ఆమెతో చెప్పి, అదే ఇంటి చిన్నకోడల్ని పిలిచాడు. ఆమె తలొంచుకుని వచ్చి నాచు గుప్పిట పట్టింది. పెద్దకోడలు ఆ మణికట్టు పట్టుకుంది.

"వదులక్కా. మీ మరిది ఇంకా మంచం దిగలేదు. నాకూ పని పోతే ఏం తినాలి?"

"నా పిల్లని నా చేతుల్తోనే చంపుకున్నానే. నువ్వొద్దు."

చిన్నకోడలు ఏడుస్తోంది, కానీ గుప్పిట విప్పడం లేదు. మిగతా ఆడవాళ్లు పని ఆపి చూస్తున్నారు. మేస్త్రీ మళ్లీ కేకేశాడు. పెద్దకోడలు రెండో చెయ్యి కూడా వేసి గట్టిగా పట్టుకుంది.