చదునుకు అనుమతి

మునియమ్మాళ్ వంటింటి గోడ పట్టపగలే గోతిలోకి జారిపోయింది, పొయ్యి మీద ఉడుకుతున్న సంగటితో సహా. కాలనీ అంతా పరుగెత్తుకొచ్చి అంచున నిలబడింది. అడుగున, ఎర్రమట్టిలో, జేసీబీ ఆగి ఉంది. దాన్ని నడుపుతున్నవాడు పాండియన్. ఆరోగ్యమేరి మొగుడు.

ఆరోగ్యమేరి తల ఎత్తలేకపోయింది.

అరవనాట అన్నూరు పక్కనున్న ఆ ఎర్రమిట్ట రత్నసభాపతి నాయుడిది. ఎగుడుదిగుడుగా ఉంది, సాగుకు చదును చేసుకుంటానని ఆయన సర్కారును అడిగాడు. సర్కారు సరేనంది. ఆ నాటినుంచి లారీలు ఇటుక బట్టీలకు మట్టి మోస్తూనే ఉన్నాయి. మిట్ట పోయింది. చదును మాత్రం రాలేదు, తాటిచెట్టంత గొయ్యి వచ్చింది. కాలనీకి మూడు వైపులా గొయ్యే. నాలుగో వైపు నాయుడి అరటితోట. బయటికి బాట అందులోంచే, కూలి కూడా అందులోనే. నాయుడింట్లోనూ తెలుగే, కాలనీలోనూ తెలుగే. అయినా ఆ గడప లోపలికి వీళ్ళలో ఒక్కరూ అడుగు పెట్టింది లేదు.

సాయంత్రం మరియమాత గుడి ముందు అందరూ కూడారు.

"పని ఆపమని నాయుణ్ణి కేక్కుదాం, నోరు తెరిచి అడుగుదాం," అంది ఆరోగ్యమేరి.

"కేక్కుతే?" ముసలి ముత్తుసామి కసిరాడు. "తోటలో పని పోతాది. బాట మూస్తాడు. బిడ్డలు ఇస్కూలుకు ఎగిరి పోతారా?"

మునియమ్మాళ్ నేరుగా పాండియన్ వైపు తిరిగింది. "నా గోడ కింద తవ్వింది నువ్వుదా పాండియా."

"నేను దిగితే ఇంకొకడు ఎక్కుతాడక్కా. నాకు వేరే పని యాడుండాది?"

"ఎక్కనీ మామా," అంది ఆరోగ్యమేరి. "వాణ్ణి మేము అడ్డుకుంటాము. పైన నువ్వు కూర్చునుంటే నేను ఎవురిని అడ్డుకునేది?"

పాండియన్ లేచి వెళ్ళిపోయాడు. ఏ నిర్ణయమూ లేకుండానే జనం చెదిరిపోయారు.

ఆ వారంలోనే నాయుడు మిగిలిన ముక్కకూ అనుమతి అడిగాడు. అందులోనే కాలనీ సమాధులున్నాయి. తాశిల్దారు చూడటానికి వచ్చాడు. జనం దూరంగా నిలబడ్డారు.

"ఎవరికీ అభ్యంతరం లేదుగా?" అని అరవంలో అడిగాడు తాశిల్దారు.

"ఎవరికుంటుంది సార్? అంతా మనవాళ్ళే," అన్నాడు నాయుడు.

ఆరోగ్యమేరి ముందుకు నడిచింది. అరవంలోనే అడిగింది. "చదునంటే ఏంటి సార్? మునియమ్మాళ్ అక్క వంటిల్లు గోతిలో పడింది. ఇప్పుడు మా అమ్మను తవ్వుతారా? ఆమె ఇక్కడే పడుకుంది."

"పట్టా ఆయనది. నేనేం చేసేది?"

నాయుడి ముఖం జేవురించింది. "రేపటినుంచి తోటలో ఎవురూ కాలు పెట్టొద్దు! బాట గూడా లేదు! పాండియా, ఏమిటికి నిలుచున్నావు? ఎక్కరా!"

పాండియన్ ఎక్కాడు. యంత్రం గర్జించింది. ఆరోగ్యమేరి తల్లి సమాధి మీద కూర్చుంది. పక్కన మునియమ్మాళ్, ఆ వెనక మరికొందరు ఆడవాళ్ళు. ఇనప చెయ్యి వాళ్ళ తలల మీదికి లేచింది. అక్కడే ఆగిపోయింది. యంత్రం ఆపి, పాండియన్ దిగి వచ్చి పెళ్ళాం పక్కన కూర్చున్నాడు. ఆమె అతని మోచేయి పట్టుకుంది.

కాసేపటికి పోలీసులు వచ్చి ఇద్దర్నీ వ్యానులోకి ఈడ్చారు. కోపంతో జనం వ్యాను చుట్టూ మూగారు. "మమ్మల్నీ ఎక్కించండి!" అని తలుపులు బాదారు.

కిటికీలోంచి ఆరోగ్యమేరి గొంతు చించుకుని అరిచింది. "రావద్దండి! మీరంతా వస్తే తవ్వేస్తారు! పోయి కూర్చోండి!"

తలుపులు బాదుతున్న చేతులు ఆగాయి. అప్పుడు ముత్తుసామి సమాధుల వైపు వెనక్కి తిరిగాడు.

వ్యాను కదిలేసరికి లారీ వాళ్ళు ఎవరో కొత్త డ్రైవరును తెచ్చి ఎక్కించారు. వాడికి ఎదురుగా, సమాధుల మధ్య, ముత్తుసామి కాళ్ళు చాపుకుని కూర్చున్నాడు. ఆయన వెనక కాలనీ మొత్తం కూర్చుంది.