ఏకాదశి నాడు ఎల్బీ

ఈ బంతికి కాకపోతే ఇంకో బంతికి, ఎక్కడికి పోతాడు, ఎంత పెద్ద ఆఫీసరైనా బ్యాటు పట్టుకుని గీత దగ్గర నిలబడ్డాక అంపైరు వేలి కిందే కదా బతకాలి, అనుకుంటూ గురురాజ ఒక చింతగింజను ఎడమ జేబులోంచి కుడి జేబులోకి మార్చాడు, ఓవర్లో ఇంకో బంతి అయిపోయిందని గుర్తు, తెల్లకోటు తనది కాదు, జ్వరమొచ్చి పడుకున్న అసలు అంపైరుది, చంకల దగ్గర పట్టేస్తోంది, గురురాజకు రూల్సన్నీ తెలుసు, ఆయప్పను నిలబెట్టండి అని పొద్దున ఎవరో అన్నప్పుడు తను వద్దని తల అడ్డంగా ఊపబోయాడు, ఎమ్మిగనూరు జట్టు కెప్టెన్ శ్రీపాదరావు అని అప్పుడే చెవిన పడింది, అంతే, అడ్డంగా ఊగబోయిన తల నిలువుగా ఊగింది, ఆలస్యం విషమంటారు గానీ పగకు ఆలస్యమే అమృతం, ప్రపంచకప్పు వచ్చిన మరుసటేడు ఇది, ఆదోనిలో టీ బంకు దగ్గర బీడీ కాల్చేవాడు కూడా స్పిన్ను గురించి ఉపన్యాసమిచ్చేవాడే, మైదానం చుట్టూ కిటకిటగా జనం, జిన్నింగు ఫ్యాక్టరీల నుంచి ఎగిరొచ్చిన దూది పీచు మ్యాటు మీద వాలుతోంది, ఆ మ్యాటు అవతలి కొసన వాడు, కాస్త పొట్ట వచ్చింది, మణికట్టున గడియారం తీసిన చోట తెల్లటి చార, సుఖపడిన ఒళ్ళు, ఆ సుఖం నాది.

నాది కాక ఎవరిది, ఇద్దరిదీ ఒకే వీధి, ఒకే బ్యాటును చెరోసారి పట్టుకుని పెరిగారు, పరుగులు వాడివి, వికెట్లు తనవి, అప్పట్లో ఒక పెద్ద మిల్లువాళ్ళు జట్టు కడుతూ, తీసుకున్నవాడికి ఉద్యోగం కూడా ఇస్తాం, కర్నూల్లో ఆడించి చూస్తాం, తెల్లారేసరికి జీపు పంపుతాం అన్నారు, ఆ రోజు దశమి, తన తల్లి అంబాబాయి ఇంట్లో దశమి అంటే ఒంటిపూటే, ఆ ఒక్క పూటా కర్నూలుకు పోయే కొడుకు కోసం అమ్మ చీకటితోనే లేచి మడి కట్టుకుని అన్నం వండింది, తిన్నాడు, బూట్లకు సుద్ద పూశాడు, సందు మొదట్లో నిలబడ్డాడు, ఎండ నెత్తికెక్కింది గానీ జీపు రాలేదు, రాకేం, తను సందులోకి రాకముందే వచ్చింది, శ్రీపాదుడి ఇంటి ముందు ఆగి వాణ్ణి ఎక్కించుకుని అట్నుంచి అటే పోయింది, ఇంకొకడు యాడ అని మిల్లువాళ్ళు అడిగితే వాడు చెప్పిన మాట తర్వాత జీపు డ్రైవరే తనతో అన్నాడు, ఈ పొద్దు ఏకాదశి సార్, వాడు రాడు, వాళ్ళమ్మకు ఒట్టేసినాడు. ఏకాదశంట ఏకాదశి, అన్నం తిని నిలబడ్డవాడికి ఏకాదశి ఏమిటి, ఏకాదశి నాడు ఆ ఇంట్లో పొయ్యి వెలగదు, గుక్కెడు నీళ్ళు కూడా గొంతు దిగవు, ఒట్టు మాత్రం నిజమే, అంతకు ముందొక ఏకాదశికి ఉపవాసంతో బౌలింగు వేస్తూ తను కళ్ళు తిరిగి పడిపోతే, బేడప్పా బేడ, వద్దు నాయనా, ఇంగ ఏకాదశి నాడు బంతి ముట్టనని నా నెత్తి మీద చెయ్యి పెట్టి చెప్పు అని అమ్మ ఏడ్చింది, పక్కన నిలబడి విన్నది ఈ శ్రీపాదుడే, దాచుకున్నాడు ఆ మాటను, పనికొచ్చే రోజు బయటికి తీశాడు, రేపటి తిథిని ఈ రోజుకు జరిపాడు దొంగ, ఆస్తి కోసం అబద్ధమాడినవాళ్ళను చూశాం గానీ హరిదినంతో అబద్ధమాడినవాణ్ణి ఎక్కడైనా చూశామా.

వాడికి ఉద్యోగం, క్వార్టర్సు, స్కూటరు, తనకు జిన్నింగు ఫ్యాక్టరీలో కాటా దగ్గర నిలబడే పని, ముక్కుకు తువ్వాలు కట్టుకున్నా ఊపిరితిత్తుల్లోకి దూదే, దగ్గు మొదలైతే ఆగదు, ఏం స్వామీ, దూది తిని బతుకుతాండావా అని మూటలెత్తే నాగప్ప కూడా నవ్వుతాడు, నవ్వనీ, అంతా అక్కడితో ఆగినా బాగుండేది, తనకు అనుకున్న పిల్ల రమాబాయి, వాళ్ళ నాయన తాంబూలాలకు ముహూర్తం అడిగి పోయినవాడు మళ్ళీ వచ్చి, ఏమనుకోవద్దప్పా, ఉద్యోగముండే పిల్లోడు దొరికినాడు అన్నాడు, ఆ దొరికినవాడు వీడే, వీధి పెళ్ళి కదా, పంచె ఎగ్గట్టి వడ్డించింది తనే, పెళ్ళికొడుకు ఆకులో చిత్రాన్నం వేస్తూ తను చూసిన చూపుకు వాడు మాడి మసై పోవాల్సింది, ఇంకొంచెం ఎయ్యి గురూ, బాగుంది అన్నాడు సిగ్గులేనోడు. భీమాబాయి మంచిదే, తన భార్యను తను ఏమీ అనడు, కానీ రాత్రి దగ్గు వచ్చినప్పుడు ఆమె వీపు రాస్తుంటే తనకు గుర్తొచ్చేది జీపు పోయిన దారే, ఇదేం బతుకో.

అదుగో రమాబాయి, గుడారం కింద కుర్చీలో, చలువ కళ్ళద్దాలు, ఒళ్ళో టిఫిన్ డబ్బా, తను అటు చూడడు, పొద్దున టాస్ దగ్గర వాడు చేయి చాపి బాగుండావా గురూ అంటే తను వంగి స్టంపులు సర్దుకున్నాడు, ఇందాక ఆట కాసేపు ఆపినప్పుడు గిడ్డయ్య గోళీసోడాలు కొట్టి అందరికీ ఇస్తే వాడొక్కడే వద్దని చెయ్యి అడ్డం పెట్టాడు, ఆదోని సోడా దొరగారి గొంతు దిగదేమో, దించుతాం, ఇంకొన్ని పరుగులు కొడితే కప్పు ఎమ్మిగనూరుకు పోతుంది, కొట్టేది వాడే, మిగిలినవాళ్ళంతా తోకలు, కాశప్ప పరుగెత్తుకొస్తున్నాడు, ఆదోనికి ఉన్న ఒకే ఒక్క వేగం, చెమట తుడుచుకోడు, చొక్కా గుండీలు పెట్టుకోడు, వదిలాడు, బంతి లెగ్ స్టంపుకు అవతల పడింది, ఇంకా అవతలికే పోతోంది, వాడు తిప్పబోయాడు, అందలేదు, ప్యాడుకు ఠప్‌మని తగిలింది, తగలకపోతే జానెడు ఎడంగా కీపరు చేతికి పోయేదే, తన కళ్ళు చూశాయి, కాశప్ప కూడా చూసినట్టున్నాడు, వాడి అరుపు మధ్యలోనే నీరుగారింది, అడిగి చూద్దాంలే అన్నా అన్న మొహంతో వెనక్కి తిరిగాడు, గురురాజ వేలు అప్పటికే ఆకాశంలో ఉంది.

ఆహా, కడుపు ఎంత చల్లబడిందో, జనం కేకలు, తువ్వాళ్ళు ఎగిరాయి, ఆ వేలిని దించబుద్ధి కాలేదు, చూడరా, చేయని తప్పుకు బయటికి పోవడమంటే ఎట్లా ఉంటుందో చూడు, సందు మొదట్లో సుద్ద బూట్లతో నిలబడ్డవాడికి ఎట్లా ఉండిందో చూడు, అరవరా, తిట్టు, బ్యాటు విసిరికొట్టు, నీ భార్య ముందు నీ పరువు పోగొట్టుకో, వాడు మాత్రం కాసేపు ప్యాడు వంక చూసుకుని, బ్యాటు చంకలో పెట్టుకుని, గుడారం ఇటువైపే కాబట్టి తన పక్కనుంచే నడిచి వచ్చాడు, ఆగాడు, నాకు లెగ్గు బయట అనిపించె గురూ, అయినా నీ కంటికి కనపడినాక ఔటే లే, చిన్నప్పటినుంచి నీది మంచి కన్ను, ఒకందుకు మేలే చేసినావు, గొంతులో తడి లేదు, ఇంగ రెండోవర్లుంటే నీ మాదిరే కండ్లు తిరిగి పడుందును, ఏకాదశి కదా. ఈ పొద్దు యాడ ఏకాదశి, రేపు కదా, అని తన నోరు తనను అడక్కుండానే అనేసింది, ఇన్నేళ్ళలో వాడితో ఆడిన మొదటి మాట అది. మీకు రేపు, మాకు ఈ పొద్దు, మా మఠం పంచాంగం వేరు కదప్పా, ఎప్పుడన్నా ఒకసారి ఇట్ల ఒకదినం తేడా వస్తాది, మీ అమ్మా మా అమ్మా బావికాడ కొట్లాడుకొనేటోళ్ళు, మరిసిపోయినావా, ఆ కర్నూలు జీపు వచ్చినదినం గూడా నేను ఉపాసంతోనే ఆడితిని, నువ్వేమో ఒట్టేసినోడివి, మీకూ ఆ దినమే కదా అని, రావని వాళ్ళకు చెప్పి పోతిని గానీ, నువ్వుంటే ఎంత బాగుండు అని దావ పొడుగునా అనుకొంటి. భుజం తట్టి పోయాడు.

పంచాంగం వేరు, వేరే, ఔను, వాళ్ళది నదికి అవతలి నుంచి వచ్చిన కుటుంబం, వాళ్ళ పంచాంగం పోస్టులో వచ్చేది, తనకు తెలుసు, తెలిసే ఉంది, కోపంలో ఉన్నవాడు పంచాంగం తిరగేస్తాడా, కాదు, అంత తేలిగ్గా వదలకూడదు, వచ్చి ఒక్కసారి తలుపు కొట్టి ఉండొచ్చు కదా వాడు, కొట్టి ఉండొచ్చు, చీకట్లో ఉపవాసమున్న ఇంటి తలుపు ఎవరు కొడతారు, రమాబాయి సంగతో, రమాబాయి నాయన చూసింది ఉద్యోగాన్ని, వాడేం చేస్తాడు, సోడా ముట్టలేదు కదా అదైనా పొగరు, అదీ కాదు, ఒక్కొక్కటీ పట్టుకోబోతే జారిపోతోంది, ఇన్నేళ్ళు తను నమిలిన పగలో గింజ లేదా, పిలవొచ్చు, వాడింకా బౌండరీ గీత దాటలేదు, అంపైరు తప్పు దిద్దుకుని బ్యాట్స్‌మన్‌ను వెనక్కి పిలవొచ్చని రూలుంది, రూల్సన్నీ తెలుసు కదా, శ్రీపాదా అని ఒక్క కేక, గొంతు దాకా వచ్చింది, అక్కడ దగ్గు అడ్డం పడింది, దగ్గేనా, దగ్గు తగ్గేసరికి వాడు గీత దాటాడు, గుడారం కింద రమాబాయి లేచి తువ్వాలు అందించింది, ఏమో అడిగింది, వాడు తనవైపు చెయ్యి చూపించి నవ్వుతూ ఏదో చెప్పాడు, వినపడకపోయినా తెలుసు, గురు ఇచ్చినాడంటే ఔటే అని, ఆమె కళ్ళద్దాలు తీసి తనవైపు గౌరవంగా చూసింది. కొత్తగా వచ్చిన బ్యాట్స్‌మన్ మిడిల్ స్టంపు చూపించండి సార్ అంటున్నాడు, కాశప్ప బంతిని పంట్లాముకు రుద్దుతూ, ఏమన్నా, వెయ్యనా అంటున్నాడు, గురురాజ తల ఊపాడు, ఇన్నేళ్ళూ మోసం జరిగిందని తిట్టుకుంటూ బతికాడు, ఆ మోసం జరిగింది ఇప్పుడే, చేసినవాడు తను.